ఆగిపోయిన హా

దెయ్యం పెరుగన్నం తింటుందా అన్నది ఆ పూట జగన్మోహన్‌కు ఎదురైన మొదటి ప్రశ్న.

దెయ్యాల సంగతి ఆయనకు కొత్త కాదు. జగిత్యాలలో సర్కిల్ ఇన్‌స్పెక్టరుగా ఉన్న రోజుల్లో రెండు దెయ్యాల్ని లాకప్‌లో వేశాడనీ, అందులో ఒకటి బెయిలు మీద బయటికి కూడా పోయిందనీ ఆయనే చెప్పుకుంటాడు. కానీ ఫ్రిజ్ తెరిచి, డబ్బాలో పెరుగన్నం తిని, ఆ డబ్బా కడిగి బోర్లించి పోయే దెయ్యాన్ని గురించి వినడం మాత్రం ఇదే మొదలు. జర్మనీ దెయ్యం కాబట్టి కడిగింది కాబోలు అనుకున్నాడు.

అనుకున్నాడు గాని పైకి అనలేదు. వంటింటి బల్లకు అవతల కూర్చున్న పిల్ల ఆ ఖాళీ డబ్బానే చూస్తోంది.

ఆ పిల్ల పేరు హారిక. కాకినాడ నుంచి వచ్చి పాడర్‌బోర్న్ యూనివర్సిటీలో కంప్యూటర్ సైన్సు మాస్టర్స్ చదువుతోంది. ఈ ఇంట్లో పైగది అద్దెకు తీసుకుంది. ఇంటాయన ప్రొఫెసర్ లిండ్‌నర్ ఎనభై దాటిన మనిషి, సంగీత చరిత్ర రాసినవాడు. ఊపిరితిత్తులు చెడి రెండేళ్లుగా ఆక్సిజన్ మెషీను మీదే బతుకు వెళ్లదీస్తున్నాడు. పది రోజుల కింద తన గదిలో, తన మంచం మీద చనిపోయాడు. అప్పుడు మంచం పక్కన మెషీను స్విచ్ ఆపేసి ఉంది. డాక్టరు వచ్చి వయసు చూసి, జబ్బు చూసి, సహజ మరణమని రాసి పోయాడు. దహనం కూడా అయిపోయింది.

అంతా అయ్యాక పోలీసుల చెవిలో ఎవరో ఊదారు. మెషీను దానంతటది ఆగలేదు, ఇంట్లో ఉన్న ఇండియా పిల్ల ఆపి బయటికి పోయింది అని. ఇవాళ నాలుగు గంటలకు పోలీసు ఆఫీసరమ్మ వస్తుంది. మెషీన్నీ హారికనీ కలిపి తీసుకుపోతుంది. ఒకసారి ఆ కారెక్కితే చదువూ వీసా రెండూ దిగిపోయినట్టే.

గడియారంలో మూడు కావస్తోంది.

జగన్మోహన్ స్టుట్‌గార్ట్ నుంచి వచ్చాడు. ఆయన భార్య సంయుక్త అక్కడ కార్ల విడిభాగాల కంపెనీలో ఇంజనీరు. ఉద్యోగానికిచ్చే బ్లూ కార్డు ఆమెది, ఈయనది డిపెండెంట్ వీసా. ఉద్యోగానికి ముందే దండం పెట్టి ఆమె వెంట వచ్చి, ఊరికే కూర్చుంటే పోలీసు ఒళ్లు తుప్పుపడుతుందని డిటెక్టివ్ బోర్డు పెట్టాడు. ఇంతవరకూ దొరికినవన్నీ పెళ్లికొడుకుల గుణగణాల వాకబులు. ప్రాణం పోయిన కేసు ఇదే. ఇదీ సంయుక్త తెచ్చిందే. హారిక తల్లి శాంతా, ఆమే ఒకే హాస్టల్లో చదువుకున్నవాళ్లు.

ఆ ఉదయం రైలెక్కేటప్పటికే ఆయన మనసు బాగోలేదు. లాక్‌డౌన్ కాబట్టి కూతురి పియానో పాఠం కంప్యూటర్‌లో జరుగుతోంది. పిల్ల ఒక మెట్టు నొక్కినప్పుడల్లా అవతల టీచరమ్మ “హా, హా” అని నవ్వుతోందట. పసిపిల్లను ఎగతాళి చేస్తావా అని ఈయన మధ్యలో దూరి, తనకు వచ్చిన జర్మన్‌లో నాలుగంటించాడు. ఆ జర్మన్ ఆమెకు అర్థం కాలేదు గాని, కూతురికి తండ్రి పరువు తీశాడని మాత్రం అర్థమైంది. ‘పాపా, బిట్టె’ అని బతిమాలి తెర మూసేసింది. రెండు రోజులుగా ఇంట్లో ఆయనతో మాట్లాడేది టీవీ ఒక్కటే.

“గా రోజు సంగతి మల్ల చెప్పు బిడ్డా. తొందర లేదు,” అన్నాడు, తొందర చాలా ఉన్నా.

హారిక మళ్లీ చెప్పింది. ఆ రోజు ఆమెకు వీసా పొడిగింపు టెర్మిన్, అంటే ఆఫీసువాళ్లు ఇచ్చిన అపాయింట్‌మెంటు. మూడు నెలలు ఎదురుచూస్తే దొరికిన టెర్మిన్, వదులుకుంటే మళ్లీ ఎప్పుడో. రెండున్నరకు బయల్దేరింది. అప్పటికి ప్రొఫెసర్ కునుకు తీస్తున్నాడు, మెషీను నడుస్తోంది. ఐదింటికి తిరిగొచ్చేసరికి మెషీను ఆగి ఉంది, మనిషి లేడు. కరోనా భయంతో ఆ గదిలోకి ఏడాదిగా డాక్టరూ తనూ తప్ప ఎవరూ అడుగుపెట్టలేదు. సొంత అన్న కొడుకు మార్టిన్ కూడా హానోవర్ నుంచి ఫోన్లు చేయడమే గాని రాలేదు. రెండో తాళంచెవి అతని దగ్గర ఉంది. నేలమాళిగ తాళం కూడా అతనిదే, అక్కడ అతని పాత సామానుంది.

“మెషీను ముట్టుకునేటిది నువ్వేనా?”

తనేనంది. రాత్రిళ్లు మంచానికి అటూ ఇటూ జరిపేటప్పుడు చక్రం కీచుమంటుంటే, నిద్రపట్టడం లేదని ఆయన గొణిగితే, తన తలకు రాసుకునే కొబ్బరినూనె దానికి పోసిందట. గదిలోకి క్రిస్మస్ బిస్కెట్ల వాసన వచ్చిందని ముసలాయన పొద్దంతా నవ్వాడట.

అసలు సంగతి ఆమె ఫోన్లో ఉంది. ఆ మధ్యాహ్నం మూడూ నలభైకి ప్రొఫెసర్ పంపిన వాయిస్ మెసేజి. ఆఫీసులో ఫోను సైలెంట్‌లో పెట్టుకుంది, తిరిగి వచ్చే బస్సులో గాని వినలేదు. ఇప్పుడు వినిపించింది. ఈల వేస్తున్నట్టు ఊపిరి, ఆ ఊపిరి మధ్య ఒక ముసలి గొంతు.

“దాస్ హా ఇస్ట్ వెక్... వెక్.”

హా పోయింది. పోయింది. అంతే.

“నన్ను ఆయన హా అనే పిలిచేవారండి,” అంది హారిక. “జర్మన్ అక్షరాల్లో హెచ్‌ని హా అంటారు కదా, నా పేరులో మొదటి అక్షరం. వదిలేసి పోయానని బాధపడ్డారు అంకుల్. ఆయన ఆఖరి మాట అది.”

ఈ పిల్లను జైలు కంటే ముందు ఈ మాట చంపేటట్టుంది అనుకున్నాడు జగన్మోహన్. ఈ మెసేజి ఇంకెవరైనా విన్నారా అని అడిగాడు. వారం కింద శశికాంత్ అనే ఆయన ఎష్‌బోర్న్ నుంచి వచ్చాడట. తెలుగువాడు, మార్టిన్ తరఫు మనిషినన్నాడు, చెల్లీ చెల్లీ అంటూ టీ తాగాడు, సాయం చేస్తాడనుకుని ఫోను చేతికిచ్చింది. పోలీసుల చెవిలో ఊదిన నోరు ఎవరిదో జగన్మోహన్‌కు ఇక చెప్పనక్కర్లేకపోయింది.

“పెరుగన్నం పోవుడు ఎప్పటిసంది?”

ఆయన పోయిన మర్నాటినుంచి. ఆ మొదటి రెండు రోజులూ మంచు పడి రోడ్లన్నీ మూసుకుపోయాయి, బయటినుంచి పిల్లి కూడా వచ్చే దారి లేదు. అంతకన్నా భయపెట్టేది ఇంకోటుంది అని హారిక గొంతు తగ్గించింది. ఆయన గది మూసేసి ఉంచమని మార్టిన్ ఫోన్లో చెప్పాడు. మూసేసింది. మూసిన గదిలో గోడ మీది ఫిడేలు పాడుతోంది. పగలూ పాడుతుంది, చీకటి పడ్డాకా పాడుతుంది. ఒకే స్వరం, సన్నగా, చాలాసేపు. తలుపు తీసి చూసేలోపు ఒక్కోసారి ఆగిపోతుంది.

“అది పాడుడు ఎప్పటినుంచి? ఆయన పోయినంకనా?”

“లేదండి. ఆయన ఉన్నప్పుడూ పాడేది. అప్పుడు భయం వేసేది కాదు.”

జగన్మోహన్ కుర్చీలోంచి లేచాడు.

గది తలుపు తీయగానే చలి ముఖానికి తగిలింది. హీటర్ మీట సున్నా మీద ఉంది. మంచం, మంచం పక్కన తెల్లటి ఆక్సిజన్ మెషీను, పైకప్పు దాకా సంగీతం పుస్తకాలు. ఎదురు గోడకు, నేలలోంచి పైకి పోయే ఇనప గొట్టం పక్కన, ఆ ఫిడేలు వేలాడుతోంది.

దాన్ని చూస్తే మామూలు ఫిడేలుకు పెళ్లి నగలు పెట్టినట్టుంది. ఒంటినిండా ముత్యపు చిప్ప ముక్కలు పొదిగారు, మెడ చివర కిరీటం పెట్టుకున్న మృగం తల చెక్కారు. హారిక ప్రొఫెసర్ పుస్తకాన్ని కంప్యూటర్‌లోకి ఎక్కించిన పిల్ల కాబట్టి దాని చరిత్ర ఆమెకు తెలుసు. నార్వేలో హార్డాంగర్ అనే కొండసీమ వాద్యమిది. పైన నాలుగు తీగలు కమానుతో వాయించడానికి, వాటి కింద ఇంకో ఐదు తీగలు, వాటిని ఎవరూ ముట్టుకోరు. పైతీగ పలికితే కిందివి వాటంతటవే పలుకుతాయి. ముట్టకుండా మోగే తీగలేమిటి, ఇది సైతాను పనేనని ఒకప్పుడు అక్కడి భక్తులు ఇలాంటి ఫిడేళ్లను పొయ్యిలో పెట్టారట. పొయ్యిలోకి పోకుండా మిగిలినవాటి పాటలనే ఆ దేశపు పెద్ద విద్వాంసులు తరువాత పియానోల్లోకీ ఆర్కెస్ట్రాల్లోకీ ఎక్కించారు. గ్రీగ్ లాంటివాళ్లు జర్మనీ వచ్చి లైప్‌జిగ్‌లో చదువుకుని, తిరిగిపోయి ఆ కొండపాటలకు కోటు తొడిగి సభల్లో కూర్చోబెట్టారు.

అలా లైప్‌జిగ్ వచ్చినవాడే ఈ ఫిడేలు సొంతదారు హల్వర్ స్ట్రాండ్‌విక్. పేరు రాలేదు, డబ్బు రాలేదు, క్షయ మాత్రం వచ్చింది. ఆఖరి పాటను చివరి మెట్టు ముందున్న స్వరం దాకా రాసి, ఆ స్వరాన్ని పొడుగ్గా సాగదీసి, అక్కడే కలం పెట్టి కన్నుమూశాడు. ఇంకొక్క అడుగు వేస్తే ఇల్లు చేరే పాట గుమ్మం బయటే ఉండిపోయింది. ఆ ఒక్క స్వరాన్నే ఫిడేలు ఇప్పటికీ పాడుతుందనీ, ఊపిరి అందక పోయిన తన యజమానిని పిలుస్తుందనీ చెప్పి ప్రొఫెసర్ వచ్చినవాళ్లను భయపెట్టి ఆనందించేవాడట.

జగన్మోహన్‌కు ఒంటిమీద వెంట్రుకలు నిక్కబొడుచుకున్నాయి. చలివల్ల అని తనకు తాను చెప్పుకున్నాడు. టార్చి వేసి మృగం తల కిందుగా తీగల బిరడాలు చూశాడు. అడుగు తీగల బిరడాలకు ఒక్కోదానికి చిన్న కాగితపు ముక్క అంటించి ఉంది, ఒక్కో ముక్క మీద ఒక్కో అక్షరం. అన్నిటికంటే పైబిరడా మీద హెచ్ అని ఉంది.

“ఏం బిడ్డా, ఫిడేలు మీద నీ పేరెందుకు రాసిండు?”

హారిక తెలియదంది. తను ఇంటికి రాకముందునుంచే అది ఉందంది.

అప్పుడు బయటి తలుపు గంట మోగింది.

శశికాంత్ లోపలికి వస్తూనే చేతులకు శానిటైజర్ రాసుకున్నాడు. ఒకదానిమీద ఒకటి రెండు మాస్కులు, మెడకు ఖరీదైన మఫ్లరు. కంపెనీల్లో దొంగ లెక్కలు పట్టి పేరు తెచ్చుకున్న మనిషి, ఈమధ్యే ప్రైవేటు కేసులకు దిగాడు. ఆఫీసరమ్మ కంటే ముందు వచ్చి అమ్మాయి ఎక్కడికీ పోకుండా చూసుకోమని క్లయింటు చెప్పాడట. జగన్మోహన్ గురించి కూడా వాకబు చేసుకునే వచ్చాడు.

“నమస్తే అన్నా. డిపెండెంట్ వీసా మీద డిటెక్టివ్ పని చేయొచ్చా? ఆఫీసులో అడిగావా?”

“అడిగిన తమ్మీ. చెయ్యొచ్చన్నరు. తలకాయ ఉంటే సాలన్నరు.”

శశికాంత్ నవ్వాడు, మాస్కుల వెనకనుంచి ఆ నవ్వు దిండు కింద పెట్టిన రేడియోలా వినిపించింది. కేసు ఓపెన్ అండ్ షట్ అన్నాడు. ఇంట్లో ఇద్దరే మనుషులు, మెషీను ముట్టేది ఒకరే. ఆ ఒకరు బయటికి పోయారు, మెషీను ఆగింది, ముసలాయన తన నోటితో పేరు పెట్టి చెప్పాడు, హెచ్ నన్ను వదిలేసి పోయిందని. ఇంగ్లీషులో ఒక పేజీ సమ్మరీ రాసి పోలీసులకు ఇచ్చాను, అది చదివే ఆమె వస్తోంది అన్నాడు. హారిక తలుపు చట్రం పట్టుకుని నిలబడింది.

జగన్మోహన్ బిరడా మీది ఆ అక్షరాన్నే చూస్తున్నాడు. హెచ్. జర్మన్‌లో హా. హా, హా. పియానో టీచరమ్మ మొహం ఆయన కళ్లముందు నిలబడింది. ఆమె నవ్వేటప్పుడు పళ్లు కనిపించలేదు. వేలు పెట్టి ఒక తెల్లమెట్టును చూపిస్తూ, చాలా సీరియస్‌గా, హా అంది. వరసలో ఆఖరి తెల్లమెట్టు. మన లెక్కలో స రి గ మ ప ద తరువాత వచ్చేది.

“అయ్యో నా తల్లీ,” అన్నాడు తనలో తాను. “అది నవ్వు కాదు. అది ని.”

“వాట్?” అన్నాడు శశికాంత్.

“తమ్మీ, ముసలాయన ‘దాస్ హా’ అన్నడు. గా దాస్ ఏంది?”

“ఆర్టికల్ అన్నా. ఏ-వన్ జర్మన్ పరీక్ష కూడా పాస్ కాలేదా?”

“అయిన, రెండోసారికి. ఆడామెకు ‘దీ’ అనాలె, వస్తువుకు ‘దాస్’ అనాలె అని చెప్పిన్రు.”

“అమ్మాయి అనడానికి కూడా దాస్ అంటారు. దాస్ మేడ్షన్.”

“అమ్మాయి అనే మాటకు అంటరు. అమ్మాయి పేరుకు అనరు. మనకెందుకు అనుమానం రాలేదో చెప్పనా? నువ్వూ నేనూ ఈ పిల్లా ముగ్గురం తెలుగులనే విన్నం. హారిక పోయింది, కరెంటు పోయింది. మన భాషల ఆడామెకూ వస్తువుకూ ఒక్కటే పోయింది. ఆయన తెలుగాయన కాదు. పోయింది మనిషి అనలేదు, వస్తువు అన్నడు.”

“ఏ వస్తువు?”

“గా స్వరం. జర్మనోళ్లు మన ని స్వరాన్ని హా అంటరు. ఫిడేలు మీద రాసి ఉంది సూడు.”

ఊళ్లో భజన మందిరంలో హార్మోనియం మోగుతుంటే మూలన ఆనించిన తంబురా ఎవరూ మీటకుండానే గుయ్‌మనడం జగన్మోహన్ చిన్నప్పుడు చూశాడు. ఇదీ అదే. మెషీను రోజంతా ఒకే శ్రుతిలో రొద పెడుతుంది. ఆ రొదకు ఫిడేలు అడుగు తీగ ఒకటి కలిసి పలుకుతుంది. ప్రొఫెసర్ రెండేళ్లు ఆ స్వరం వింటూ పడుకున్నాడు. ఆ మధ్యాహ్నం అది ఆగేసరికి మెలకువ వచ్చింది. ఊపిరి అందని మనిషి చేతనైనంతలో చెప్పాడు, హా స్వరం పోయింది, అంటే మెషీను ఆగింది అని. చెప్పిన టైము మూడూ నలభై. అప్పటికి హారిక వీసా ఆఫీసులో, కెమెరాల కింద, వరసలో కూర్చుని ఉంది. ఆమె బయల్దేరిన గంట పైచిలుకు వరకూ హా పలుకుతూనే ఉందంటే, ఆపింది ఆమె కాదు.

హారిక రెండు చేతులతో ముఖం కప్పుకుంది. పది రోజులుగా ఆ మాటను గుండెలో ముల్లులా మోసింది. అది తన పేరే కాదు.

శశికాంత్ మాత్రం మెత్తబడలేదు. “కథ బాగుంది అన్నా. మెషీన్ ఇక్కడే ఉంది, ఫిడేల్ ఇక్కడే ఉంది. ఆన్ చెయ్. పాడితే నేనే పోలీసులకు సారీ చెబుతా.”

జగన్మోహన్ చేతికి జేబురుమాలు చుట్టుకుని స్విచ్ వేశాడు.

మెషీను దగ్గి, వణికి, నడవడం మొదలుపెట్టింది. బొంగురు రొద, నీళ్లు తాగుతున్న గేదెలా. ముగ్గురూ గోడవైపు తిరిగారు. ఫిడేలు నోరు మెదపలేదు. ఇంకాసేపు చూశారు. మృగం తల వాళ్లను చూస్తోంది, అంతే.

“పాడదేం అన్నా? మూడ్ లేదేమో,” అన్నాడు శశికాంత్.

జగన్మోహన్ మెషీను ఆపి ప్లగ్గు పీకేశాడు. చెవులు ఎర్రబడ్డాయి. జగిత్యాలలో దగ్గును బట్టి దొంగ ఏ బీడీ తాగుతాడో చెప్పిన చెవులవి, ఇంత మోసం చేస్తాయా. గడియారం మూడున్నర దాటింది. ఆయన ఏమీ తోచక మోకాళ్ల మీద కూర్చుని మెషీను కిందికి టార్చి వేశాడు. నాలుగు చక్రాలూ తిప్పి చూశాడు. ఒకదాని తరువాత ఒకదానికి ముక్కు పెట్టి వాసన చూస్తుంటే శశికాంత్ ఫోను తీసి ఫోటో కొట్టాడు.

“బిడ్డా, కొబ్బరినూనె ఏ చక్రానికి పోసినవ్?”

“కుడివైపు ముందుదండి. బాగా పోశాను, కిందికి కారింది కూడా.”

ఈ చలికి కొబ్బరినూనె మైనంలా తెల్లగా గడ్డకట్టి ఉండాలి. కుడివైపు ముందు చక్రానికి దుమ్ము పట్టి ఉంది, సాలెగూడు ఉంది, నూనె చుక్క లేదు. పాత అరలోంచి తెచ్చిన వస్తువులా మూలమూలలా బూజు.

“ఇది ఆయన మెషీనే కాదు,” అన్నాడు జగన్మోహన్ మెల్లగా. “నువ్వు పోయినంక ఎవడో లోపలికొచ్చి మంచిది తీసుకపోయి, దీన్ని పెట్టిపోయిండు.”

హారిక వంగి చూసి తల ఊపింది. ఇలాంటి పాత మెషీను ఒకటి నేలమాళిగలో ఉండేదని ఆయన ఎప్పుడో అన్నాడట. మోత పెట్టడమే గాని ఆక్సిజన్ ఇవ్వదని తెలిసీ పారేయకుండా దాచింది మార్టినేనట.

మొదటిసారి శశికాంత్ మఫ్లరు సవరించుకున్నాడు. ఆక్సిజన్ మెషీన్ దొంగతనమా, ఎవరు చేస్తారు అన్నాడు, ఇందాకటి గొంతుతో కాదు.

“ఊపిరి ఆడనోడు చేస్తడు. తమ్మీ, నీ క్లయింటును ఎప్పుడన్న సూసినవా?”

చూడలేదు. అన్నీ ఫోన్లోనే, వీడియో పెట్టడు. హానోవర్‌లో క్వారంటైన్‌లో ఉన్నాననీ, కరోనా నుంచి కోలుకుంటున్నాననీ చెప్పాడు. భార్యను హాస్పిటల్లో చేర్చితే తిరిగి రాలేదనీ, తను మాత్రం చచ్చినా హాస్పిటల్ గడప తొక్కననీ ఒకసారి ఏడ్చాడు. మాట మాటకూ ఊపిరి తీసుకుంటాడు. అన్నిటికంటే ముందు అమ్మాయిని ఇల్లు ఖాళీ చేయించమనేవాడు. ఇదంతా చెప్పేటప్పుడు శశికాంత్ మాటల్లో ఇంగ్లీషు దాదాపు లేదు.

“ఫోన్ కలుపు. స్పీకర్ల పెట్టు.”

శశికాంత్ కలిపాడు. అవతల మోగుతోంది. ఎత్తడం లేదు. మోగుతూనే ఉంది.

అప్పుడు గోడ మీద ఫిడేలు పాడింది.

మొదట ఈగ రెక్కలంత. తరువాత సన్నటి వెండి తీగలాంటి ఒకే స్వరం గదిలో పరుచుకుంది. ఇల్లు చేరని పాట గుమ్మంలో నిలబడి పిలుస్తున్నట్టు. మంచం పక్కన మెషీను ప్లగ్గు నేలమీద పడి ఉంది. హారిక జగన్మోహన్ చొక్కా చెయ్యి పట్టుకుంది. ఆయన రెండో చెయ్యి చాచి ఫిడేలు పక్కన నేలలోంచి వచ్చే ఇనప గొట్టం మీద అరచెయ్యి ఆనించాడు. హీటర్ ఆపేసిన గది, గొట్టం మంచులా ఉంది. కానీ బతికున్న జీవిలా వణుకుతోంది.

“హలో,” అంది ఫోను. ఊపిరి. “మిస్టర్ కాంత్.” ఊపిరి. “ఆ పిల్లను... తీసుకెళ్లారా?”

శశికాంత్ ఫోను వంకా ఫిడేలు వంకా చూశాడు. ఆ గొంతు వెనకాల, ఫోన్లో కూడా, అదే రొద వినిపిస్తోంది. ఇంకా తీసుకెళ్లలేదు సార్, మీరు ఎక్కడున్నారు అని ఇంగ్లీషులో అడిగాడు. హానోవర్‌లో అంది ఫోను.

జగన్మోహన్ ఫోను దగ్గరికి వంగాడు. జర్మన్‌లో తప్పు పోకుండా, పలకకు ఒత్తి రాసినట్టు ఒక్కో మాట పలికాడు. “హెర్ మార్టిన్. మీ బాబాయి మెషీను ఎక్కడుంది?”

అవతల మాట లేదు. ఒక్క క్షణం స్వరం మాత్రం ఉంది. మరుక్షణం, కత్తితో కోసినట్టు, అది కూడా ఆగింది. గొట్టం వణుకు ఆయన అరచేతి కింద చచ్చిపోయింది.

“దాస్ హా ఇస్ట్ వెక్,” అంది హారిక. ఎవరూ అడగకుండానే, గొంతులోంచి దానంతటదే వచ్చింది.

అప్పుడు ఒక దగ్గు వినిపించింది. ముందు కాళ్ల కింద, చెక్క నేల అడుగునుంచి. ఆ వెంటనే, అదే దగ్గు, శశికాంత్ చేతిలోని ఫోన్లోంచి.

శశికాంత్ చేతిలోంచి ఫోను మంచం మీద పడింది. జగన్మోహన్ అప్పటికే వసారాలో ఉన్నాడు. నేలమాళిగ తలుపుకు లోపలినుంచి గడియ ఉంది. భుజంతో ఒకసారి కొట్టాడు, ఓకు చెక్క, కదల్లేదు. చప్పుడు వినపడకూడదని లోపలివాడు, ఆ పెరుగన్నం దెయ్యం, తనకు ఊపిరి పోసే మెషీన్నే ఆపుకున్నాడు. మూడూ నలభైకి ముసలాయనకు ఏం జరిగిందో ఇప్పుడు వీడికీ అదే జరుగుతోంది, వాడి చేతులతో వాడే. వాడు పోతే, మెషీను ఎవరు మార్చారో చెప్పే నోరు ఇంకోటి లేదు. అప్పుడు మిగిలేది శశికాంత్ ఇంగ్లీషు పేజీ, ఒక ఇండియా పిల్ల, ఇంట్లో రెండో శవం.

“మార్టిన్, మెషీన్ వెయ్యి. నిన్నేం చెయ్యం, వెయ్యి,” అని తలుపు మీద అరచేతులతో బాదాడు. ముందు తెలుగులో అన్నాడు, తరువాత గుర్తొచ్చి జర్మన్‌లో అన్నాడు. శశికాంత్ మఫ్లరు విసిరేసి, మాట్లాడకుండా వచ్చి, రెండో భుజం తలుపుకు ఆనించాడు. ఇద్దరూ కలిసి కొట్టారు. లోపల ఏదో బరువైనది మెట్ల మీద జారి, ఒక్కో మెట్టూ దిగుతూ పోయిన చప్పుడైంది.

“బిడ్డా, ఫిడేలు దగ్గర నిలబడు,” అని కేకేశాడు జగన్మోహన్. “పాడితే చెప్పు. బతికున్నట్టు.”

హారిక చలి గదిలో గొట్టం మీద రెండు చేతులూ పెట్టి, చెవి ఫిడేలుకు ఆనించి నిలబడింది. వీధిలో కారు ఆగింది. ఆఫీసరమ్మ బూట్లు మంచు తొక్కుకుంటూ గుమ్మం వైపు వస్తున్నాయి. వసారాలో తలుపు పగులుతున్న చప్పుడు.

“పాడిందా?”

ఆ పిల్ల ఊపిరి బిగపట్టింది. తనను రక్షించగల ఒకే ఒక్క స్వరం కోసం చెవి ఒగ్గింది.

గోడ మీది ఫిడేలు పలకలేదు.